ఓటు ఎవరిది? రియాలిటీ పోటీల్లో పొత్తులూ వ్యూహాలూ

2000వ సంవత్సరం ఆగస్టు 17న, బ్రిటన్‌లో చానెల్ 4 ప్రసారం చేస్తున్న 'బిగ్ బ్రదర్' ఇంటినుండి నిక్ బేట్‌మన్ అనే పోటీదారుణ్ణి పంపించివేశారు. నామినేషన్ల గురించి ఒకరితో ఒకరు మాట్లాడుకోకూడదన్నది ఆ ఇంటి నియమం. అతను కాగితం ముక్కల మీద పేర్లు రాసి తోటివారికి చూపించాడు, ఎవరిని నామినేట్ చేయాలో సూచించాడు. పత్రికలు అతన్ని 'నాస్టీ నిక్' అన్నాయి. దేశమంతా అతన్ని తిట్టిపోసింది. సరిగ్గా ఆరు రోజుల తర్వాత, ఆగస్టు 23న, అమెరికాలో సీబీఎస్ వారి 'సర్వైవర్' మొదటి సీజను ముగిసింది. రిచర్డ్ హాచ్ అనే వ్యక్తి 10 లక్షల డాలర్లు గెలుచుకున్నాడు. అతను 39 రోజులపాటు చేసిన పని కూడా అదే. ముగ్గురిని చేరదీసి, ఈసారి ఎవరిని పంపించాలో ముందుగానే మాట్లాడుకుని, కలిసి ఓటు వేయించాడు. ఆ ముగింపును 5 కోట్లమందికి పైగా చూశారు.

ఈ రెండు ఘటనలను పక్కపక్కన పెట్టి చూడవలసిన అవసరం మనకు ప్రత్యేకంగా ఉంది. ప్రవాసంలో ఉన్న తెలుగువాళ్ళం ఇటువంటి పోటీల గురించి మాట్లాడుకునేటప్పుడు సులువుగా చెప్పుకునే వివరణ ఒకటుంది. అమెరికావాళ్ళు వ్యక్తివాదులు, గెలుపు కోసం స్నేహితుణ్ణయినా వెన్నుపోటు పొడిచి దాన్ని 'గేమ్' అంటారు. మనవాళ్ళు అనుబంధాల మనుషులు, అందుకే మన 'బిగ్ బాస్'లో గుంపు కట్టినవాడు విలన్, ఒంటరిగా నిలిచినవాడు హీరో. శనివారం విందుల్లో ఈ మాట ఒకసారి గర్వంగా, ఇంకోసారి 'అందుకే మనం ఎదగం' అన్న నిట్టూర్పుతో వినబడుతుంది. అయితే బ్రిటన్‌ది అమెరికా భాషే, వ్యక్తివాదంలో కూడా అది ఎవరికీ తీసిపోదు. ఒకే వేసవిలో, ఒకే వారంలో, ఒకచోట బహిష్కరణకు కారణమైన పని ఇంకోచోట కోటీశ్వరుణ్ణి చేసిందంటే, సంస్కృతి ఒక్కటే దానికి సమాధానం కాజాలదు. పొత్తు కుట్రలా కనబడుతుందా, ప్రతిభలా కనబడుతుందా అన్నది మొదట రెండు విషయాల మీద ఆధారపడుతుందని నా వాదన: ఓటు ఎవరి చేతిలో ఉంది, ఓటు వేసేవారికి ఏమి తెలుసు.

'ఇదంతా ముందే రాసిపెట్టిన నాటకం కదా' అనేవారికి ఒక మాట. 1950ల నాటి క్విజ్ షోల కుంభకోణాల తర్వాత, 1960లో అమెరికా చట్టం ఇటువంటి పోటీల ఫలితాలను ముందే నిర్ణయించి ప్రేక్షకులను మోసగించడాన్ని నేరంగా ప్రకటించింది. అంతమాత్రాన నిర్మాతల హస్తం ఉండదని నేననను. ఎడిటింగు గదిలో ఎవరినైనా దుర్మార్గుడిగానూ, ఎవరినైనా అమాయకుడిగానూ చూపించవచ్చు. అందుకే ఈ కార్యక్రమాల్లో కనిపించే స్వభావచిత్రణను నేను పెద్దగా నమ్మను. ఓట్ల లెక్కను నమ్ముతాను. ఎవరు ఎవరికి వేశారన్నది కత్తిరింపులకు లొంగదు.

'సర్వైవర్' మొదటి సీజను మలేషియాలోని సబా తీరాన పులావ్ టిగా అనే చిన్న దీవిలో జరిగింది. 16 మంది పోటీదారులు, టాగీ, పగాంగ్ అని రెండు జట్లు. మూడు రోజులకొకసారి సమావేశమై తమలో ఒకరిని ఓటుతో పంపించాలి. జనం పదిమందికి తగ్గాక జట్లు కలిసిపోతాయి. చివరికి మిగిలిన ఇద్దరిలో విజేతను, అంతకుముందు బయటకు పంపబడ్డ ఏడుగురు జ్యూరీగా కూర్చుని నిర్ణయిస్తారు. ఇద్దరూ కలిసి ఎవరిని ఓడించారో వాళ్ళే ఇద్దరికీ న్యాయమూర్తులు. ఈ ఏర్పాటును కనిపెట్టినవారి తెలివికి నమస్కారం పెట్టాలి. ఎదుటివాణ్ణి ఓడించాలి, ఓడినవాడి చేత ఔననిపించుకోవాలి.

జట్లు కలిసిన నాటికి పదిమంది ఉన్నారు, రెండు వైపులా ఐదుగురు చొప్పున. పగాంగ్ వారు కూడబలుక్కుని ఓటు వేయడం నీచమనుకునేవారు. ఎవరికి తోచినట్టు వారు వేశారు. టాగీలో హాచ్, నౌకాదళంనుండి విశ్రాంతి తీసుకున్న వృద్ధుడు రూడీ, ట్రక్కు నడిపే స్యూ, నదిలో పడవలు నడిపే కెల్లీ ముందే ఒక మాట అనుకున్నారు. నలుగురూ గ్రెచెన్ అనే ఆమెకు వేశారు. మిగిలిన ఆరు ఓట్లు ఆరుగురి మీదికి చెదిరిపోయాయి. గ్రెచెన్ నాలుగు ఓట్లతో వెళ్ళిపోయింది. ఒకప్పుడు వాయుసేనలో, అడవిలో చిక్కుకుంటే బతకడమెలాగో సైనికులకు నేర్పిన మనిషి ఆమె. మనుగడ పేరుతో జరుగుతున్న పోటీలో మనుగడ బాగా తెలిసిన మనిషే ముందు పోయింది. విలియం రైకర్ 1962లో రాజకీయ కూటముల మీద రాసిన పుస్తకంలో, గెలవడానికి ఎంతమంది కావాలో అంతమందితోనే కూటమి కట్టడం లాభమని ప్రతిపాదించాడు. ఎక్కువమందిని చేర్చుకుంటే పంచుకోవలసిన వాటా పెరుగుతుంది. టాగీ నలుగురు ఇంకా చవకగా గెలిచారు. అవతలివారు కూడబలుక్కోవడానికి సిగ్గుపడితే పదిమందిలో నలుగురే మెజారిటీ.

ఆ పదిమందిలో ఐదవ టాగీ సభ్యుడు షాన్ కెనిఫ్. వృత్తిరీత్యా నరాల వైద్యుడు. కూటమిలో చేరడం అతనికి ఇష్టం లేదు, ఎవరినీ నొప్పించడమూ ఇష్టం లేదు. అందుకని పోటీదారుల పేర్లను అక్షరక్రమంలో పెట్టుకుని, ఆ వరుసలోనే ఓటు వేస్తానని ప్రకటించాడు. తన చేతికి మట్టి అంటదని అతని ఉద్దేశం. నా వృత్తికి చెందిన మనిషి ఇలా చేశాడే అని నేను నొచ్చుకున్నానంటే అతిశయోక్తి కాదు. ఎందుకంటే ఔషధ పరీక్షల గురించి మాకు నేర్పే మొదటి పాఠాల్లో ఇదొకటి. ఏ రోగికి కొత్త మందు, ఏ రోగికి పాత మందు అన్నది పేర్ల అక్షరక్రమంలోనో, వచ్చిన వరుసలోనో నిర్ణయిస్తే అది నిష్పాక్షికం కాదు. తరువాతి రోగికి ఏది వస్తుందో ముందే తెలుసుకున్న వైద్యుడు, తెలిసో తెలియకో, ఎవరిని చేర్చాలో ఎవరిని ఆపాలో నిర్ణయించేస్తాడు. యాదృచ్ఛికతకు విలువ రావాలంటే అది గుప్తంగా ఉండాలి. షాన్ వరుసలో జెన్నా వంతు వచ్చేసరికి కూటమివారు తమ ఓట్లు కూడా జెన్నా మీదికే మళ్ళించారు. ఏ పక్షమూ వహించననుకున్న మనిషి, కూటమికి జీతంలేని సభ్యుడయ్యాడు. ఓటింగులో తటస్థత అనే ఆసనం లేదని చెప్పడానికి ఇంతకన్నా మంచి దృష్టాంతం నాకు తెలియదు.

ఈ సీజనులో అసలు సిసలైన వ్యూహం చివరి ముగ్గురి దగ్గర కనిపిస్తుంది. హాచ్, రూడీ, కెల్లీ మిగిలారు. ఒక స్తంభం మీద చేయి పెట్టి ఎవరు ఎక్కువసేపు నిలబడితే వారికి ఇమ్యూనిటీ, తక్కిన ఇద్దరిలో ఒకరిని పంపించే హక్కు కూడా వారిదే. హాచ్ కాసేపు నిలబడి, తనంతట తానే చేయి తీసేశాడు. అలసిపోయి కాదు. తాను గెలిస్తే రూడీని ఉంచుకోవాలి, లేదా కెల్లీని ఉంచుకోవాలి. రూడీ అంటే జ్యూరీలో అందరికీ గౌరవం. అతని పక్కన కూర్చుంటే ఓటమి. కెల్లీని ఉంచుకుంటే, ఇచ్చిన మాట తప్పినవాడై రూడీ ఓటు పోగొట్టుకుంటాడు. అదే రూడీ గెలిస్తే మాట మీద నిలబడి తనను ఉంచుకుంటాడు. కెల్లీ గెలిస్తే, రూడీని ఓడించలేనని ఆమెకూ తెలుసు కనుక తననే ఉంచుకుంటుంది. ఓడిపోతే రెండు దారులూ తన వైపే. కెల్లీ గెలిచింది, రూడీని పంపించింది, రూడీ జ్యూరీలో కూర్చుని హాచ్‌కు ఓటు వేశాడు. ఫలితం 4-3. ఆ ఒక్క ఓటే 10 లక్షల డాలర్లు. చదరంగంలో మంత్రిని బలి ఇవ్వడం చూసి చప్పట్లు కొట్టేవారు దీన్ని జిత్తులమారితనమని ఎందుకు అంటారో నాకు అర్థం కాదు.

జ్యూరీ ఎదుట స్యూ చేసిన ప్రసంగం ఆ కార్యక్రమ చరిత్రలో ప్రసిద్ధం. ఆమె హాచ్‌ను పాముతోనూ, కెల్లీని ఎలుకతోనూ పోల్చి, ప్రకృతి ధర్మం ప్రకారం పాము ఎలుకను తినాలని తేల్చింది. తెలుగు మాధ్యమంలో చదువుకున్నవారికి ఇది కొత్తగా తోచదు. చిన్నయసూరి 'నీతిచంద్రిక'లో మిత్రలాభం, మిత్రభేదం చదివి పెద్దవాళ్ళమైన తరానికి, జంతువుల నోట కూటమి శాస్త్రం చెప్పించడం బాగా అలవాటైన పద్ధతి. నాకు ఆసక్తి కలిగించేది స్యూ తర్కం. హాచ్ మొదటినుండీ పాములాగే కనబడ్డాడు. కెల్లీ కూటమిలో ఉంటూనే అవతలివారికి దగ్గరయింది, నలుగురు మిగిలినప్పుడు తన ఓటు మార్చుకుని స్యూను పంపించింది. స్యూ కోపం మోసం మీద కాదు, ఊహించని చోటునుండి వచ్చిన మోసం మీద.

ఇదే విషయాన్ని అమెరికన్ 'బిగ్ బ్రదర్' ఇంకా స్పష్టంగా చూపించింది. రెండవ సీజను విజేత విల్ కర్బీ కూడా వైద్యుడే. తాను అబద్ధాలు చెబుతానని ఇంట్లోవారికి బాహాటంగా చెప్పి, చెప్పినట్టే చేశాడు. అతనికి జ్యూరీ 5-2తో పట్టం కట్టింది. మరుసటి ఏడు, 2002లో, డేనియల్ రేయెస్ అనే పోటీదారు జేసన్ అనే యువకుడితో రహస్యపొత్తు పెట్టుకుంది. ఇంట్లో ఎవరికీ చివరిదాకా తెలియలేదు. ఇంట్లో ఉన్నంతకాలం అందరికీ ఆమె ఆత్మీయురాలు. కాని అప్పటికి బయటకు పంపబడ్డవారు ఇళ్ళకు వెళ్ళి, టీవీలో ఆమె డైరీ గదిలో తమ గురించి ఏమన్నదో విన్నారు. చివరి ఓటు 9-1. ఆమెకు పడిన ఆ ఒక్క ఓటు జేసన్‌ది. తరువాతి సీజనునుండి జ్యూరీ సభ్యులను కార్యక్రమం చూడనివ్వకుండా వేరుగా ఉంచడం మొదలుపెట్టారు.

ఈ రెండు ఫలితాలనూ కలిపి చదివితే, ఓటర్లు అబద్ధాన్ని క్షమించగలరని, దాన్ని తరువాత తమంతట తాము కనుగొనవలసి వస్తే మాత్రం క్షమించరని అనిపిస్తుంది. వైద్యంలో పొరపాటు జరిగినప్పుడు రోగి కుటుంబంతో ముందే కూర్చుని చెప్పినవారికీ, కాగితాల్లోనుండి వాళ్ళే వెతికి పట్టుకునేదాకా ఊరుకున్నవారికీ ఎదురయ్యే ముఖాలు వేరు. డేనియల్ ఆట కర్బీ ఆటకన్నా నేర్పుగా ఆడినది. ఓటర్లకు తెలిసిన సమాచారం మారడంతో ఆ నేర్పే ఆమెకు నేరమైంది. సీజను పూర్తయ్యాక నియమం మార్చడమంటే, ఆమెకు అన్యాయం జరిగిందని నిర్వాహకులే అంగీకరించినట్టు నాకు తోస్తుంది.

ఇప్పుడు బ్రిటన్‌కు తిరిగి వెళ్దాం. అక్కడ ఇంట్లోవాళ్ళు నామినేట్ చేయడం వరకే. పంపించేది టెలిఫోనుల దగ్గరున్న ప్రేక్షకులు. ప్రేక్షకుడికి అన్నీ కనబడతాయి. పేర్లు రాసిన కాగితమూ కనబడుతుంది, ఆ కాగితం చూపించినవాడే మరుక్షణం అవతలివాణ్ణి ఓదార్చడమూ కనబడుతుంది. అంటే బ్రిటన్ ప్రేక్షకులందరూ డేనియల్ జ్యూరీ వంటివారు. ఆ సీజను గెలిచింది నిక్‌ను నిలదీసిన లివర్‌పూల్ మేస్త్రీ క్రెయిగ్ ఫిలిప్స్. బహుమతిగా వచ్చిన 70,000 పౌండ్లను గుండె, ఊపిరితిత్తుల మార్పిడి అవసరమైన స్నేహితురాలికి ఇచ్చేశాడు. అదే 2000లో అమెరికా కూడా 'బిగ్ బ్రదర్'ను ప్రేక్షకుల ఓటుతోనే నడిపింది. హాచ్‌కు 5 కోట్లమంది ప్రేక్షకులను ఇచ్చిన ఆ దేశమే ఇక్కడ గొడవపడే మనుషులను ముందుగా ఇంటికి పంపి, మంచివారిని మిగుల్చుకుని, ఆపైన కార్యక్రమం చప్పగా ఉందని చూడడం మానేసింది. రెండవ సీజనులో ఓటు ఇంట్లోవారి చేతికి మారింది. కర్బీ పుట్టింది ఆ మార్పులోనుండే. అమెరికన్ల స్వభావం ఒక్క ఏడాదిలో మారలేదు కదా.

2017లో మొదలైన తెలుగు 'బిగ్ బాస్' బ్రిటిష్ పద్ధతి బిడ్డ. ఇంట్లో నామినేషను, బయట ఓటు. ఈ నిర్మాణంలో పొత్తు లాభంకన్నా నష్టమే ఎక్కువ చేస్తుంది. నలుగురు కలిసి ఒకణ్ణి నామినేట్ చేస్తే వాడు వెళ్ళిపోడు. బయటి ఓటర్ల ముందు నిలబడతాడు, అదీ నలుగురి చేతిలో దెబ్బతిన్నవాడిగా. 2018లో రెండవ సీజను గెలిచిన కౌశల్ ఉదాహరణ అందరికీ తెలిసిందే. ఇంట్లో ఎంత ఒంటరివాడైతే బయట 'కౌశల్ ఆర్మీ' అంత బలపడింది. నామినేట్ చేసినవారు తమకు తెలియకుండానే అతనికి ప్రచారకర్తలయ్యారు. ఇక్కడ తెలివైన ఆటగాడు చేయవలసింది పొత్తు కట్టడం కాదు, తనకు వ్యతిరేకంగా పొత్తు కట్టించుకోవడం. 'గ్రూప్ గేమ్' అన్నది మన ప్రేక్షకుల నోట నిందావాచకం కావడానికి కారణం ఈ లెక్కే.

సంస్కృతి ఎక్కడ ప్రవేశిస్తుందంటే, పొత్తు ఏ వేషంలో వస్తే ప్రేక్షకుడు ఒప్పుకుంటాడన్న దగ్గర. 2023లో ఏడవ సీజనులో శివాజీ, పల్లవి ప్రశాంత్, యావర్ ఒక జట్టు. లెక్క ప్రకారం అదీ కూటమే. కాని అది పెద్దన్న నీడలో ఇద్దరు తమ్ముళ్ళలా కనబడింది. అన్నా అని పిలిచిన చోట తెలుగు ప్రేక్షకుడికి వ్యూహం కనబడదు. మన పల్లెల్లో గాని, మన అసోసియేషన్ల ఎన్నికల్లో గాని, పొత్తును బాబాయి, బావ వంటి పిలుపులతో కప్పితేనే మర్యాద. హాచ్‌లా 'మనం నలుగురం ఒక కూటమి' అని ముఖాన చెప్పినవాడికి మన దగ్గర ఆటే సాగదు. కూటమి మాయం కాలేదు కూడా. ఇంట్లోనుండి బయటకు వచ్చింది. లోపల ఒంటరిగా నిలిచిన ప్రతి విజేత వెనుకా బయట ఓట్లు పోగుచేసే దండు ఉంది. ఏడవ సీజను ముగిసిన రాత్రి హైదరాబాదులో అభిమానుల గుంపులు ఆర్టీసీ బస్సుల అద్దాలు పగలగొట్టాయి. పులావ్ టిగాలో నలుగురి మధ్య గుసగుసగా ముగిసిన వ్యవహారం ఇక్కడ వీధికెక్కింది. నైతికంగా ఏది మెరుగన్న ప్రశ్నకు నా జవాబు హాచ్ వైపే మొగ్గుతుంది. అతని కూటమి చేసిన హాని ఆ దీవి దాటలేదు.

నా వాదనకు గట్టి పరీక్ష 2021లో వచ్చింది. అమెరికన్ 'బిగ్ బ్రదర్' 23వ సీజనులో ఆరుగురు నల్లజాతి పోటీదారులు 'కుకౌట్' పేరుతో రహస్యకూటమి కట్టారు. సాధారణ సీజన్లలో అప్పటిదాకా ఒక్క నల్లజాతి విజేత కూడా లేడు. ఆరుగురిలో ఎవరైనా ఒకరు గెలవాలన్నదే వారి ఒప్పందం. టిఫనీ మిచెల్ వేసిన పథకం ప్రకారం ఒక్కొక్కరు కూటమి వెలుపల ఒక్కొక్క సన్నిహిత మిత్రుణ్ణి ఉంచుకున్నారు. కూటమి సభ్యుడు నామినేట్ అయినప్పుడు పక్కన ఆ మిత్రుడే ఉంటాడు, వెళ్ళేదీ ఆ మిత్రుడే. టిఫనీ తనకు అత్యంత ఆప్తురాలైన క్లేర్‌ను తానే నామినేట్ చేసి, ఎందుకో ఆమెకు ముందే చెప్పింది. ఆరుగురూ చివరి ఆరుగురుగా మిగిలారు. జేవియర్ ప్రేథర్ 9-0తో గెలిచాడు.

ఇది జాతివివక్షే కదా అన్నవారు ఉన్నారు. అంతకుముందు రెండు దశాబ్దాలు 'సహజంగా కుదిరిన స్నేహాలు' ఎవరిని మిగిల్చి ఎవరిని పంపాయో లెక్క తీసినవారు ఆ మాట అనరు. వ్యక్తిగత లాభం ఒక్కటే లెక్కగా చూస్తే ఈ కూటమి రైకర్ సూత్రానికి విరుద్ధం: చివరికి ఒకరితో ఒకరు తలపడక తప్పదని తెలిసీ ఆరుగురూ కట్టుబడ్డారు. ఓటింగు నిర్మాణం పొత్తును సాధ్యం చేస్తుంది, లాభదాయకం చేస్తుంది; దేనికోసం అన్నది మాత్రం పోటీదారులు బయటినుండి మోసుకొస్తారు. ఇక్కడ నియమాలతో పాటు చరిత్ర కూడా ఓటు వేసింది.

వ్యూహానికి తావులేని నియమాలు రాయలేమా? 2005లో 'సర్వైవర్' గ్వాటెమాలా సీజనులో దాచిపెట్టిన ఇమ్యూనిటీ విగ్రహాన్ని ప్రవేశపెట్టారు. దొరికినవారు తమకు పడిన ఓట్లను రద్దు చేసుకోవచ్చు. పెద్ద కూటమిని కొట్టడానికి ఇది చిన్నవారి ఆయుధమవుతుందనిపిస్తుంది. కాని పెద్ద కూటములు వెంటనే ఓట్లు చీల్చడం నేర్చుకున్నాయి: ఎనిమిదిమంది ఇటు, ముగ్గురు అటు ఉంటే, నాలుగు ఓట్లు ఒకరికి, నాలుగు ఇంకొకరికి. విగ్రహం ఎవరి దగ్గరున్నా రెండోవారు పోతారు. 1973లో గిబార్డ్, 1975లో సాటర్‌త్వెయిట్ గణితపరంగా నిరూపించినది ఇదే: ముగ్గురు లేదా అంతకన్నా ఎక్కువమంది నుండి ఒకరిని ఎన్నుకునే ఏ పద్ధతిలోనైనా, అది ఒక్క నియంత ఇష్టానికి వదిలేసినదైతే తప్ప, తన నిజమైన ఇష్టాన్ని దాచి ఓటు వేయడం లాభించే సందర్భం ఉండి తీరుతుంది.

ఓటింగు కాని చోట పరిస్థితి మెరుగు. అమెరికాకు వచ్చిన వైద్యులందరం ఒకప్పుడు రెసిడెన్సీ మ్యాచ్ జాబితా రాసినవాళ్ళమే. 1998నుండి వాడుతున్న పద్ధతిలో, ఒంటరిగా దరఖాస్తు చేసే అభ్యర్థి తన అసలు ఇష్టాలను అదే వరుసలో రాయడమే అతనికి మేలు. దాన్ని రూపొందించిన ఆల్విన్ రాత్‌కు 2012లో ఆర్థికశాస్త్రంలో నోబెల్ వచ్చింది. అయినా ఇవాళ్టికీ కొత్తగా వచ్చిన మన పిల్లలకు ఆ సలహా ఇస్తే నమ్మరు. 'మనల్ని తీసుకునే చోటే పైన రాయాలి కదా సార్' అంటారు. ఎంసెట్ కౌన్సెలింగులు చూసి వచ్చిన పిల్లలు, ఏం చెప్పగలం.

ఇంతదాకా చెప్పినదానికి ఎదురు తిరిగే ఉదాహరణ ఒకటి మిగిలి ఉంది. రసెల్ హాంట్జ్ 2009లో 'సర్వైవర్' సమోవా సీజనులో అందరినీ ఆడించి చివరిదాకా వచ్చాడు. జ్యూరీ అతన్ని 7-2తో తిరస్కరించి నాటలీ వైట్‌ను గెలిపించింది. వెంటనే మరుసటి సీజనులోనూ చివరికి వచ్చాడు. ఈసారి సాండ్రాకు 6, పార్వతికి 3, అతనికి సున్నా. జ్యూరీని కాదని అమెరికా ప్రజలకు కొంత ఓటు ఇవ్వాలని, అది లేకపోవడం ఆటలోని లోపమని అతను వేదిక మీదే వాదించాడు. నా సిద్ధాంతం ప్రకారం ప్రజల ఓటు అతనికి ఇంకా ప్రమాదం కావాలి. కాని ఆ రెండు సీజన్లలోనూ ఉత్తమ ఆటగాడి కోసం ప్రేక్షకులు వేసిన ఓట్లలో 1,00,000 డాలర్లు గెలిచింది రసెలే. విజేతను నిర్ణయించే అధికారం లేని ఓటు అది. ఆ ఓటుతో ఎవరూ ఇంటికి పోరు, ఎవరికీ పట్టం దక్కదు. తనను ఇంతసేపు కుర్చీ అంచున కూర్చోబెట్టినవాడికి ప్రేక్షకుడు ఇచ్చిన చదివింపు అది. అదే ప్రేక్షకుడి చేతికి పంపించే ఓటు ఇచ్చి ఉంటే, రసెల్ మొదటి వారం దాటేవాడా అన్నది నాకు అనుమానమే.